నత్తి అను మాట

1939 జనవరిలో, అమెరికా దేశపు అయోవా రాష్ట్రమున, డావెన్‌పోర్ట్ పట్టణమందలి అనాథశరణాలయమునకు మేరీ ట్యూడర్ అను విశ్వవిద్యాలయ విద్యార్థిని వచ్చి, అచ్చటి పిల్లలలో 22 మందిని ఎంచుకొనెను. ఆమెను పంపిన గురువు వెండెల్ జాన్సన్ బాల్యమునుండియు నత్తితో వేగినవాడు. బిడ్డల సహజమైన తడబాటునకు పెద్దలు నత్తియని పేరు పెట్టుటచేతనే అది నిజమైన నత్తిగా ముదురునని అతని విశ్వాసము. దానిని పరీక్షింపవలసి వచ్చినప్పుడు, అడుగువారెవరును లేని పిల్లలే వారి చేతికందిరి.

వారిలో నత్తి యన్నదే లేని ఆరుగురిని చేరబిలిచి, మీకు నత్తి పట్టుకొనుచున్నదనియు, తప్పులేక పలుకగల్గిననే తప్ప నోరు మెదపవలదనియు ఆమె నెలల తరబడి బోధించెను. శరణాలయమున పిల్లలను చూచువారికిని అదే నూరిపోసెను. మే నెల వచ్చుసరికి ఆ పిల్లలు సిగ్గుతో ముడుచుకొనిపోయి, పిలిచినను పలుకుటకు జంకసాగిరి. నొచ్చుకొన్న ట్యూడర్ మరల మరల వెళ్లి దిద్దజూచెను గాని, ఒక నోట పుట్టిన భయము అదే నోట పోవునా?

ఈ పరీక్షను గూర్చి ట్యూడర్ వ్రాసిన సిద్ధాంతవ్యాసము గ్రంథాలయమున దుమ్ము పట్టియుండగా, 2001లో ఒక పత్రిక దానిని బయటపెట్టెను. విశ్వవిద్యాలయము క్షమాపణ చెప్పెను. 2007లో అయోవా రాష్ట్రము బాధితులకును, మరణించినవారి వారసులకును కలిపి 9,25,000 డాలర్లు చెల్లించుటకు అంగీకరించెను. విచిత్రమేమనగా, ఆ పిల్లలలో ఎవ్వరికిని నిజమైన నత్తి పుట్టినట్లు ఆధారము లేదని తరువాతి పరిశోధకులు తేల్చిరి. కాని నత్తి పుట్టకపోయిననేమి, బెదరిన మనస్సు బెదరినదే గదా! నా దృష్టిలో శాస్త్రము అడుగు ప్రశ్న వేరు, ధర్మము అడుగు ప్రశ్న వేరు.

నేడు అమెరికా వాక్‌శ్రవణ సంఘపు నీతినియమావళి, చికిత్సకు వచ్చినవారి క్షేమమునే గాక, పరిశోధనలో పాల్గొన్నవారి క్షేమమును గూడ అన్నిటికంటె పైనుంచినది. ఫలితమునకు హామీ ఇయ్యరాదనుట అందలి మరియొక నియమము. నత్తిని ముప్పది దినములలో మాన్పుదుమని గోడలమీద వ్రాయించువారికి ఇది రుచింపదు. మన దేశమున 1992 నాటి చట్టము క్రింద ఏర్పడిన భారత పునరావాస మండలి పట్టికలో పేరున్నవారే వాక్‌చికిత్స వృత్తి చేయవలెను. తప్పు నడచినచో ఆ పేరు కొట్టివేయబడును.

అయితే ఆ పట్టికలో మన మేనత్తలు, మేనమామలు లేరు. నాలుగేండ్ల బిడ్డ "అ... అ... అమ్మా" అన్నంతనే వానిని నత్తోడని ముద్దుగా పిలుచుటకు వారికెవరి అనుమతియు అక్కరలేదు.