వేలిముద్ర వెనక తాళం

మనిషి ఇంట్లో, హాజరు డ్యూటీలో. హైదరాబాద్ జీహెచ్‌ఎంసీలో కొందరు సిబ్బంది చేసిన మాయ ఇది. ఫెవికాల్, కొవ్వొత్తి లాంటి చిల్లర సరుకుతో నకిలీ వేళ్లు చేసి, రాని పారిశుద్ధ్య కార్మికులకు హాజరు వేశారు. 2018లో పెద్దపల్లి జిల్లాలో ఇంకో ఘనుడు రిజిస్ట్రేషన్ దస్తావేజుల్లోని వేలిముద్రలు దించుకుని, రబ్బరు స్టాంపుల యంత్రంతో అచ్చు తీసి, వేలకొద్దీ సిమ్‌కార్డులు యాక్టివేట్ చేశాడు. జనం ముక్కున వేలేసుకున్నారు.

మదనపల్లె రేషన్ షాపైనా, పుంగనూరు సచివాలయమైనా, ఆధార్‌తో ముడిపడిన స్కానర్ పని ఒకటే. వేలు పెట్టగానే ముద్రను రహస్య సంకేతంగా మార్చి, తన డిజిటల్ సంతకం చేసి పంపుతుంది. అదే రిజిస్టర్డ్ డివైస్ (ఆర్‌డీ). కొన్ని సంస్థలు పాత ముద్రలను దాచుకుని మళ్లీ వాడాయంటూ 2017లో ఆధార్ సంస్థ ఉడాయ్ ఢిల్లీ పోలీసులకు ఫిర్యాదు చేసింది. ఆ ఏడాదే ఈ డివైస్‌లను తప్పనిసరి చేసింది. మొదటి తరం ఎల్0లో సంకేతీకరణ కంప్యూటర్‌లోని సాఫ్ట్‌వేర్ చేసేది. తర్వాతి ఎల్1లో ఆ పనంతా స్కానర్ లోపలే జరుగుతుంది. అయితే వేలు తోలుదో రబ్బరుదో తేల్చడం వేరే విద్య. అందుకు 2023లో ఉడాయ్ కృత్రిమ మేధను దింపింది.

ఇక లైసెన్సు సంగతి. స్కానర్‌లో లైటు వెలుగుతుంది, వేలు మాత్రం తీసుకోదు. చాలాసార్లు కారణం ఆర్‌డీ సర్వీస్ గడువు తీరడమే. అది ఆ పరికరం సీరియల్ నంబరుకు కట్టిన లైసెన్సు, రెన్యువల్ చేస్తేనే కదులుతుంది. మిల్లుల్లో, ప్రైవేటు స్కూళ్లలో వాడే హాజరు సాఫ్ట్‌వేర్లలోనూ కొన్నింటిది ఇదే పద్ధతి. ఆ ఖర్చు తప్పించుకోవాలని క్రాక్ కాపీ వేసుకుంటే, సిబ్బంది జీతాల లెక్కను ముక్కూమొహం తెలియనివాడి చేతిలో పెట్టినట్టే.

అంతకన్నా చవక లొసుగు ఒకటుంది. గోడకు బిగించే చాలా హాజరు యంత్రాల్లో అడ్మిన్‌ను నమోదు చేయకపోతే మెనూ బటన్ ఎవరు నొక్కినా తెరుచుకుంటుంది. గడియారం వెనక్కి తిప్పితే ఆలస్యంగా వచ్చినవాడూ టైముకు వచ్చినట్టే. యంత్రం కొనేటప్పుడు బేరమాడే యజమానులు ఈ ముక్క అడగరు.

అసలు మనిషికే ముద్ర పడని బాధ వేరు. మదనపల్లె మార్కెట్లో టమాటా పెట్టెలు మోసే చేతులకు, నీరుగట్టువారిపల్లె మగ్గాల మీది వేళ్లకు గీతలు అరిగిపోతాయి. అలాంటివారికి ఐరిస్, ముఖ గుర్తింపు దారి చూపుతాయి. ముఖ హాజరును ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 2022లో టీచర్లతో మొదలుపెట్టింది. సొంత ఫోన్లెందుకు వాడాలని, సిగ్నల్ లేని ఊళ్లలో ఏం చేయాలని సంఘాలు నిలదీశాయి. 2023 జనవరి నుంచి అదే పద్ధతి మిగతా ఉద్యోగులకూ వచ్చింది.