దూబగుంట నుంచి కబీరు దాకా

కలువాయి, ఆత్మకూరు, ఉదయగిరి వైపు ఊళ్లలో నడివయసు దాటినవాళ్లకు సారా పోరాటం గురించి కొత్తగా చెప్పాల్సిందేమీ లేదు. అక్షరాస్యత ఉద్యమంలో చదివిన సీతమ్మ కథ, దూబగుంట ఆడవాళ్లు సారా కొట్టు మూయించడం, 1992లో నెల్లూరు జిల్లా సారా వేలంపాటలు పదేపదే వాయిదా పడటం, 1993 అక్టోబరు 1న రాష్ట్రమంతటా వచ్చిన సారా నిషేధం, అన్నీ వాళ్లు ఎరిగినవే. ఆ పోరాటం మీద 1996లో 80 నిమిషాల డాక్యుమెంటరీ ఒకటి వచ్చింది. పేరు ‘వెన్ విమెన్ యునైట్’. తీసినవారు షబ్నం విర్మానీ. పత్రికా విలేకరిగా పనిచేసి, తర్వాత మిత్రులతో కలిసి అహ్మదాబాదులో దృష్టి మీడియా కలెక్టివ్‌ను మొదలుపెట్టిన మనిషి ఆమె.

తర్వాత ఆమె కచ్ మహిళలతో కలిసి రేడియో కార్యక్రమాలకు పనిచేశారు. 2002 నుంచి ఏళ్ల తరబడి కబీరు పాటల వెంట తిరిగి నాలుగు చిత్రాలు తీశారు. సారా పోరాటానికీ కబీరు భజనకూ పొంతనేమిటని అడగవచ్చు. నాకైతే ఇవి రెండూ ఒకే అన్వేషణ. పెద్దల గుర్తింపు లేని మనుషులు ఒకచోట కూడి, అక్షరమో పాటో ఆసరాగా ధైర్యం తెచ్చుకోవడం ఆమెను రెండుచోట్లా పట్టుకుంది. ఆ గుంపులను ఆమె దేవుళ్లను చేయలేదు. ‘కబీరా ఖడా బజార్ మే’ చిత్రంలో మాళ్వా గాయకుడు ప్రహ్లాద్ టిపాణియా కబీరు పేరిట నడిచే మతశాఖ కబీరు పంథ్‌లో మహంతు (గురువు) కావడం, కర్మకాండను ఎదిరించిన కవి పేరు మీదే కర్మకాండ సాగడం, దానిమీద లోపలివాళ్ల వాదులాట అన్నీ దాచకుండా చూపారు. స్వతంత్రంగా తీసే డాక్యుమెంటరీ విలువ అక్కడే ఉంది. వార్త సంఘటనతో కదిలిపోతుంది. ఇలాంటి చిత్రం మనుషుల దగ్గర ఆగి, వాళ్ల తగాదాలు కూడా వింటుంది.

బయటినుంచి వచ్చినవాళ్లకు మన గోడు ఏం తెలుస్తుందన్న అభ్యంతరం కొట్టిపారేయదగింది కాదు. అయితే ఊళ్లో అందరికీ తెలిసిన సంగతిని ఊరివాళ్లు ఎవరూ అడగరు, బయటివాళ్లే అడుగుతారు. ఇంకో మాట కూడా వినిపిస్తుంది: 1995లో వచ్చిన సంపూర్ణ మద్యనిషేధాన్ని 1997లో సడలించారు కదా, ఓడిపోయిన పోరాటం బొమ్మ ఎందుకని. చట్టం సడలినంత మాత్రాన ఆడవాళ్లు ఎలా కూడారు, ఎవరిని ఎలా ఎదిరించారు అన్నది చెరిగిపోదు. చట్టం సడలినచోట ఆ జ్ఞాపకానికే విలువెక్కువ.

నన్ను బాధించే సంగతి ఒక్కటే. చిత్రం తీసినచోటికి తిరిగి చేరకపోతే అది సగం పనే. కబీరు చిత్రాలు మాళ్వా పల్లెల్లో పాటగాళ్లతోపాటే తిరిగాయి. సారా పోరాటాన్ని ముందుండి నడిపిన దూబగుంట రోసమ్మ 2016లో కన్నుమూశారు. ఆనాటి ఆడవాళ్లలో మిగిలినవాళ్లు ఉండగానే నెల్లూరు చిత్రాన్ని కలువాయిలో, కలిగిరిలో వేసి చూపాలి, తప్పున్నచోట తప్పని వాళ్లచేత చెప్పించాలి.