బరువు తగ్గించే శస్త్రచికిత్స తరువాత రక్తంలో చక్కెర పడిపోతే

షుగర్ అనే మాట వినగానే సరిహద్దు గ్రామాలలో ఎవరికైనా మధుమేహమే స్ఫురిస్తుంది. తెలుగువారికీ, ఇరుగుపొరుగున కన్నడం, తమిళం, ఒడియా, మరాఠీ మాట్లాడేవారికీ ఈ మాట సుపరిచితమే. రక్తంలో చక్కెర ఎక్కువయ్యే జబ్బు అనే అర్థంలోనే అందరూ దానిని వాడతారు. అందుచేత రక్తంలో చక్కెర ఉండవలసిన దానికన్నా తగ్గిపోవడం కూడా ప్రమాదమేనన్న సంగతి చాలా కుటుంబాలకు తట్టదు. బరువు తగ్గడానికి జీర్ణాశయంపై శస్త్రచికిత్స చేయించుకున్నవారిలో కొందరికి, సాధారణంగా ఏడాది గడిచి అంతా సవ్యంగా ఉందనుకున్న దశలో, ఈ ఇబ్బంది తలెత్తుతుంది. భోజనమైన రెండు గంటలకు చెమటలు పట్టి, చేతులు వణికి, మాట తడబడితే దానిని నీరసమనో, గాలి సోకిందనో, ఫిట్స్ అనో పొరబడడం సులభం. శస్త్రచికిత్స ఏ బెంగుళూరులోనో, చెన్నైలోనో, హైదరాబాదులోనో జరిగి ఉంటుంది. కళ్ళు తిరిగేది మాత్రం ఊరిలో, పొలం గట్టున, వంటింటి పొయ్యి దగ్గర. కనుక దీనిని మొదట గుర్తించవలసినవారు ఇంటివారే.

శస్త్రచికిత్సలో జరిగేదేమిటి?

బరువు తగ్గించే శస్త్రచికిత్సలను బేరియాట్రిక్ సర్జరీ అంటారు. వీటిలో రెండు పద్ధతులు ఎక్కువగా వాడుకలో ఉన్నాయి. మొదటిది స్లీవ్ పద్ధతి. ఇందులో జీర్ణాశయంలో సుమారు 75 నుంచి 80 శాతం భాగాన్ని నిలువుగా కోసి తొలగిస్తారు. మిగిలిన భాగం అరటికాయ ఆకారంలో సన్నని గొట్టంగా ఉంటుంది. రెండవది బైపాస్ పద్ధతి. ఇందులో జీర్ణాశయం పైభాగాన సుమారు 30 మిల్లీలీటర్లు పట్టే చిన్న సంచిని వేరుచేసి, దానిని నేరుగా చిన్నప్రేగులో కొంత దిగువన కలుపుతారు. తిన్న ఆహారం మిగిలిన జీర్ణాశయాన్నీ, చిన్నప్రేగు మొదటి భాగాన్నీ తాకకుండానే ముందుకు సాగిపోతుంది. బరువు తగ్గించడానికి బైపాస్‌ను 1966లో అమెరికాలోని అయోవా విశ్వవిద్యాలయంలో ఎడ్వర్డ్ మేసన్, చికాషి ఇటో అనే శస్త్రవైద్యులు ప్రారంభించారు.

ఈ శస్త్రచికిత్సల వల్ల ఎందరికో మేలు కలుగుతున్నది. బరువుతో పాటు మధుమేహం, రక్తపోటు కూడా అదుపులోకి వస్తాయి. అయితే శరీరంలో ఒక ముఖ్యమైన అమరిక మారిపోయిందన్న సంగతిని జీవితాంతం గుర్తుంచుకోవాలి.

చక్కెర ఎందుకు పడిపోతుంది?

చెరువుకు తూము ఎలాంటిదో జీర్ణాశయానికి దాని దిగువ ద్వారం అలాంటిది. నిండిన నీటిని తూము కొద్దికొద్దిగా కాలువకు వదిలినట్లే, ఆ ద్వారం ఆహారాన్ని కొంచెం కొంచెంగా ప్రేగులోకి వదులుతుంది. బైపాస్ తరువాత ఆహారం ఆ ద్వారం గుండా పోదు. స్లీవ్ పద్ధతిలో ద్వారం అలాగే ఉన్నా, సంచి ఇరుకై లోపలి ఒత్తిడి పెరగడం వల్ల ఆహారం త్వరత్వరగా జారిపోతుంది.

అన్నం, తీపి పదార్థాలు ఇలా ఒక్కసారిగా ప్రేగులోకి చేరితే రక్తంలో చక్కెర వేగంగా పైకి లేస్తుంది. అదే సమయంలో ప్రేగు నుంచి జీఎల్‌పీ-1 అనే హార్మోను అధికంగా విడుదలై క్లోమాన్ని ప్రేరేపిస్తుంది. క్లోమం అవసరానికి మించి ఇన్సులిన్‌ను వదులుతుంది. ఆహారంలోని చక్కెర అప్పటికే రక్తంలో కలిసిపోయి ఉంటుంది, ఇన్సులిన్ మాత్రం ఇంకా పనిచేస్తూనే ఉంటుంది. ఫలితంగా భోజనమైన ఒకటి నుంచి మూడు గంటలలోపు చక్కెర దిగువకు పడిపోతుంది. అంటే తీపి తిన్నందువల్లనే తీపి తగ్గిపోతున్నదన్నమాట.

ఆరోగ్యవంతుడైన పెద్దమనిషి రక్తమంతటిలో కలిసి ఉండే చక్కెర ఒక చిన్న చెంచాడు మాత్రమే. మెదడు ప్రధానంగా దానిపైనే ఆధారపడి పనిచేస్తుంది. ఆ చెంచాడులో సగం తరిగినా మనిషి తడబడతాడు. 2005లో అమెరికాలోని మేయో క్లినిక్ వైద్యులు బైపాస్ చేయించుకున్న ఆరుగురిలో ఇటువంటి తీవ్రమైన పతనాన్ని వివరించిన తరువాత వైద్యలోకం ఈ సమస్యపై ఎక్కువ దృష్టి పెట్టింది. ఇది స్లీవ్ కన్నా బైపాస్ తరువాత, పురుషులలో కన్నా స్త్రీలలో ఎక్కువగా కనిపిస్తుంది.

ఎలా గుర్తించాలి?

భోజనమైన గంటలోపే కడుపు ఉబ్బరం, నొప్పి, విరేచనం, గుండెదడ కలిగితే అది వేరొక ఇబ్బంది. ఆహారం వేగంగా జారినప్పుడు ప్రేగులోకి నీరు చేరడం వల్ల అది వస్తుంది. చక్కెర పడిపోవడం ఆ తరువాత, ఒకటి నుంచి మూడు గంటల నడుమ సంభవిస్తుంది. మొదట చెమట, వణుకు, ఆకలి, గుండెదడ, ఆందోళన కనిపిస్తాయి. తరువాత చూపు మసకబారడం, మాట తడబడడం, అయోమయం, అసందర్భంగా ప్రవర్తించడం, చివరకు మూర్ఛ, స్పృహ కోల్పోవడం సంభవించవచ్చు. పదేపదే ఇలా జరిగేవారిలో తొలి లక్షణాలు కనిపించడం మానేసి, నేరుగా అయోమయమే రావచ్చు. ఇటువంటివారు మోటారు సైకిల్ నడపడం, బావి గట్టున ఒంటరిగా పనిచేయడం ప్రాణాపాయం.

గ్లూకోమీటరులో 70 మిల్లీగ్రాముల కన్నా తక్కువ చూపితే హెచ్చరికగా, 54 కన్నా తక్కువ చూపితే తీవ్రమైనదిగా భావించాలి. లక్షణాలు ఉండడం, ఆ సమయంలో చక్కెర తక్కువగా ఉండడం, చక్కెర పెరగగానే లక్షణాలు తొలగిపోవడం, ఈ మూడూ కుదిరితే కారణం చక్కెర పతనమేనని వైద్యులు నిర్ధారిస్తారు. మూడు నెలల సగటును తెలిపే హెచ్‌బీఏ1సీ పరీక్షలో ఇది బయటపడదు. కనుక ఏమి తిన్నారు, ఎన్ని గంటలకు తిన్నారు, ఎప్పుడు కళ్ళు తిరిగాయి, అప్పుడు మీటరు ఎంత చూపింది అన్న వివరాలను ఒక నోటు పుస్తకంలో రాసుకొని వైద్యునికి చూపడం మంచిది.

పరగడుపున, లేదా చాలా గంటలు తినకుండా ఉన్నప్పుడు చక్కెర పడిపోతే కారణం వేరే ఉండవచ్చు. శస్త్రచికిత్సకు ముందు వాడిన మధుమేహం మాత్రలనో, ఇన్సులిన్‌నో పాత మోతాదులోనే కొనసాగించడం అందులో ఒకటి. బరువు తగ్గేకొద్దీ ఆ మందులను తగ్గించవలసి ఉంటుంది. పాత చీటీ చూపి అవే మాత్రలు కొనుక్కోవడం తగదు.

ఆ క్షణంలో చేయవలసినది

మనిషి స్పృహలో ఉండి మింగగలిగితే 15 గ్రాముల గ్లూకోజు, అంటే సుమారు మూడు చిన్న చెంచాల పొడిని నీటిలో కలిపి ఇవ్వాలి. 15 నిమిషాల తరువాత మళ్ళీ పరీక్షించి, పెరగకపోతే మరొకసారి ఇవ్వాలి. తేరుకున్నాక ఉడికించిన గుడ్డు, గుప్పెడు వేరుశనగపప్పు వంటి మాంసకృత్తులున్న ఆహారం పెట్టాలి. భయంతో గ్లాసుల కొద్దీ చెరకు రసం, కూల్ డ్రింకు తాగిస్తే మళ్ళీ ఇన్సులిన్ ఉప్పొంగి, రెండు గంటలకు చక్కెర మరొకసారి పడిపోతుంది. ఈ చక్రం తెలియకనే కొందరు రోజంతా తీపి తింటూ, రోజంతా కళ్ళు తిరిగి బాధపడతారు.

అకార్బోస్ అనే మాత్ర వాడేవారికి మామూలు పంచదార త్వరగా పనిచేయదు. వారి ఇంట్లో గ్లూకోజు పొడి తప్పక ఉండాలి.

స్పృహ తప్పినవారి నోట్లో నీళ్ళు గాని, చక్కెర గాని పోయరాదు. అది ఊపిరితిత్తులలోకి పోయే ప్రమాదముంది. పక్కకు తిప్పి పడుకోబెట్టి 108కి ఫోను చేయాలి. వచ్చినవారితో ఏ భాషలో మాట్లాడినా "షుగర్ ఉంది" అనరాదు. అలా అంటే వారు మధుమేహమని అనుకుంటారు. "షుగర్ పడిపోయింది, కడుపుకు ఆపరేషన్ అయింది" అని రెండు విషయాలూ చెప్పాలి.

భోజనంలో మార్పులు

చాలామందికి భోజన నియమాలతోనే ఉపశమనం లభిస్తుంది. రెండు పూటలా కడుపునిండా తినడానికి బదులు అయిదారుసార్లు కొద్దికొద్దిగా తినాలి. ఒక్కో పూటకు పిండిపదార్థం 30 గ్రాములు మించకుండా ఉంటే మేలని నిపుణులు సూచిస్తారు. 100 గ్రాముల వండిన తెల్లన్నంలోనే సుమారు 28 గ్రాముల పిండిపదార్థం ఉంటుంది. ముందుగా పప్పు, గుడ్డు, చేప, పెరుగు, కూర తిని, అన్నం గాని, రాగి సంగటి గాని, జొన్నరొట్టె గాని చివరన కొద్దిగా తీసుకోవాలి. పలుచని జావ, అంబలి ఆరోగ్యకరమైనవే అయినా, ద్రవంగా ఉన్నందున త్వరగా జారిపోతాయి. భోజనంతో పాటు నీళ్ళు తాగక, అరగంట ఆగి తాగాలి. ఉదయమంతా ఉపవాసముండి మధ్యాహ్నం పాయసంతో పండుగ భోజనం చేయడం వీరికి సరిపడదు. మద్యం పూర్తిగా మానుకోవాలి. అది కాలేయం చక్కెరను విడుదల చేయకుండా అడ్డుపడుతుంది. పైగా చక్కెర పడిపోయి తూలుతున్న మనిషిని చూసినవారు తాగి ఉన్నాడని వదిలివేస్తారు.

నియమాలు పాటించినా తగ్గకపోతే అకార్బోస్‌తో పాటు మరికొన్ని మందులు ఉన్నాయి. వాటిని వైద్యుని పర్యవేక్షణలోనే వాడాలి.

గర్భిణులకు ప్రత్యేక హెచ్చరిక

ప్రాథమిక ఆరోగ్య కేంద్రాలలో గర్భిణులకు 75 గ్రాముల గ్లూకోజు నీటిని తాగించి, రెండు గంటల తరువాత రక్తం పరీక్షించే పద్ధతి ఉంది. సాధారణ స్త్రీలకు ఇది మంచి పరీక్షే. బరువు తగ్గించే శస్త్రచికిత్స, ముఖ్యంగా బైపాస్, చేయించుకున్న స్త్రీలకు మాత్రం అంత గ్లూకోజు ఒక్కసారిగా ప్రేగులోకి చేరి చక్కెర ప్రమాదకరంగా పడిపోవచ్చు. వీరికి బదులుగా కొన్ని రోజులపాటు ఇంటివద్ద మీటరుతో చక్కెర చూసే మార్గముంది. గ్లాసు చేతికి అందకముందే ఆశా కార్యకర్తకు, నర్సుకు ఆపరేషన్ సంగతి చెప్పాలి. పెళ్ళికి ముందు జరిగిన ఆపరేషన్‌ను అత్తవారింట దాచిపెట్టే అలవాటు ఇక్కడ తల్లికీ బిడ్డకూ హాని చేస్తుంది.

ఒక చిన్న కాగితం

ఆసుపత్రి ఇచ్చిన డిశ్చార్జి పత్రం సాధారణంగా ఇంగ్లీషులో ఉండి బీరువా అడుగున పడి ఉంటుంది. అందులోని శస్త్రచికిత్స పేరు, తేదీ, వాడుతున్న మందులు, ఇంటివారి ఫోను నంబరు ఒక చిన్న కాగితంపై ఇంగ్లీషులోను, ఆ రాష్ట్ర భాషలోను రాసి జేబులో ఉంచుకోవాలి. ఇంట్లో తెలుగు చదివే పెద్దలకు తెలుగులో మరొక ప్రతి గోడకు అంటించాలి. బడికి వెళ్ళే పిల్లలు రెండు భాషలూ రాయగలరు కనుక ఈ పని వారికి అప్పగించవచ్చు. ఊరికి కొత్తగా వచ్చిన వైద్యుడైనా, పొరుగు రాష్ట్రపు అంబులెన్సు సిబ్బంది అయినా ఆ కాగితం చూడగానే ముందు రక్తంలో చక్కెర ఎంత ఉందో పరీక్షిస్తారు.