అమెరికా మిల్లులలో పసివారు

బాల్యమంటే బడి, ఆటపాటలు అని నేడు మనమనుకుంటాము. ఆ భాగ్యం పిల్లలకు ఊరకే దక్కలేదు. అమెరికా వంటి సంపన్న దేశంలో సైతం అందుకు సుమారు 150 ఏండ్లు పట్టింది.

1790లో రోడ్ ఐలండ్ రాష్ట్రంలోని పాటకెట్ వద్ద శామ్యూల్ స్లేటర్ నీటి బలంతో నడిచే నూలు మిల్లును ఆరంభించాడు. అందులో మొదటి పనివారు 7 మొదలు 12 ఏండ్ల పిల్లలే. చిన్న చేతులు యంత్రాల సందులలో దూరుతాయి, కూలి తక్కువ, ఎదురు మాట్లాడరు. ఇదీ యజమానుల లెక్క. పేద తల్లిదండ్రులకా, ఆ కాసులు లేనిదే పొయ్యి వెలిగేది కాదు.

1900 జనాభా లెక్కలలో 10-15 ఏండ్ల పిల్లలు 17 లక్షలకు పైగా పనిచేస్తున్నట్లు తేలింది. వారిలో ఎక్కువమంది పొలాలలో ఉన్నారు. పెన్సిల్వేనియా గనుల వద్ద బాలురు వంగి కూర్చుని బొగ్గులోనుండి రాళ్ళు ఏరేవారు. దక్షిణ రాష్ట్రాల మిల్లులలో బాలికలు తెగిన నూలుపోగులు అతికేవారు.

కొన్ని రాష్ట్రాలు వయోపరిమితి పెట్టాయి. కాని చాలామందికి పుట్టిన తేదీ తెలిపే కాగితం లేదు. తండ్రి "పన్నెండు నిండాయి" అంటే అంతే. 1908 నుండి లూయీ హైన్ అనే ఉపాధ్యాయుడు జాతీయ బాలకార్మిక సంఘం తరపున కెమెరా పట్టుకొని తిరిగాడు. లోనికి రానీయనిచోట బైబిళ్ళు అమ్మేవాడినని చెప్పేవాడు. తన కోటు గుండీలతో పిల్లల ఎత్తు పోల్చుకొని, జేబులో చేయిపెట్టి చాటుగా వ్రాసుకొనేవాడు. ఆ బొమ్మలు చూచి దేశం సిగ్గుపడింది.

1916లో వచ్చిన చట్టాన్ని 1918లో సుప్రీంకోర్టు కొట్టివేసింది. 1938 చట్టం నిలిచింది. 1941లో కోర్టు దానిని సమర్థించింది. అయితే పొలం పనికి ఆ చట్టంలో సడలింపులు మిగిలాయి. నేటికీ అక్కడ 12 ఏండ్ల బాలుడు తల్లిదండ్రుల అనుమతితో, బడివేళలు కాని సమయంలో, పొలంలో కూలి చేయవచ్చును.

పొలం పిల్లల కథ మనకు కొత్త కాదు. నేటాల్ చెరకు తోటలలో మన పిల్లలు కూడా పనిచేశారు. 1860-1911 మధ్య వచ్చిన ఓడల పట్టీలలో మన పెద్దల పేరు, తండ్రి పేరు, ఊరుతో పాటు వయసు కూడా ఉన్నది. వారు ఎన్నో ఏట కొడవలి పట్టారో మాత్రం ఆ పట్టీలు చెప్పవు. అది ఇంటి ముసలివారికే తెలుసు. వారుండగానే అడిగి వ్రాసిపెట్టండి.