పొడవు తగ్గిన రాకాసి, మంచినీళ్లు మరిగిన సముద్రపు మొసలి

సముద్రపు మొసళ్లలో అతి పెద్దదిగా పేరుమోసింది మాకిమోసారస్. ఇప్పటి మొసళ్లకు ఇవి తాతలు కావు, దాయాదులు. ట్యునీషియాలో దొరికిన మాకిమోసారస్ రెక్స్ గురించి 2016లో ప్రకటించినప్పుడు పుర్రె ఒక్కటే 1.6 మీటర్లు, ఒళ్లు దాదాపు పది మీటర్లు అన్నారు. అంటే ఆర్టీసీ బస్సుకి కాస్త తక్కువ! ఆ ఏడాదే మరో బృందం లెక్క తిరగేసి ఏడు మీటర్ల చిల్లరకు దించేసింది. ఈ జాతికి ఒంటితో పోలిస్తే తల పెద్దది. నేటి మొసలి కొలతలను బట్టి పుర్రె నుంచి పొడవు లెక్కగడితే ఎక్కువ వచ్చేస్తుంది. మూడు మీటర్లు ఊరికే పోయినా, తన కుటుంబంలో పెద్దరికం మాత్రం పోలేదు.

దీని పళ్లు మొద్దుగా, గట్టిగా ఉండేవి. తాబేళ్ల డిప్పలు కొరికి నమలడానికే అవి. హంసలదీవి వైపు గుడ్లు పెట్టడానికొచ్చే ఆలివ్ రిడ్లీలు ఈ కాలంలో పుట్టి బతికిపోయాయి.

సముద్రానికి పూర్తిగా అలవాటుపడినవి మాత్రం దీని చుట్టాలైన మెట్రియోరింకిడ్లు. వీపు మీది ఎముక పలకలు వదిలేశాయి, కాళ్లు తెడ్లయ్యాయి, తోకకు చేప తోకలాంటి రెక్క వచ్చింది, ఒంట్లో చేరిన ఉప్పును బయటికి తోసే గ్రంథులు కూడా ఉన్నాయి.

ఈ బంధువర్గంలో తొలినాళ్లలో దొరికిన ఎముకల గూడు ఇంగ్లండులోని విట్బీ తీరంలోది. 1758లో విలియం చాప్‌మన్ దాని వివరాలు రాయల్ సొసైటీకి రాసి పంపాడు. ‘డైనోసార్’ అనే మాట పుట్టడానికి ఇంకా 84 ఏళ్లుంది. చాప్‌మన్ రాసిన మరుసటి ఏడాదే ఇంగ్లీషువాళ్లు మన బందరు కోటను ఫ్రెంచివాళ్ల చేతిలోంచి లాక్కున్నారు.

అసలు వింత మనవైపే ఉంది. ప్రాణహిత ఒడ్డున కోట అనే ఊరి పేరుతో పిలిచే జురాసిక్ రాళ్లలో టీలియోసారిడ్ల ఆనవాళ్లు దొరికాయి. మాకిమోసారస్‌కి ఇవి దగ్గరి చుట్టాలు, ఎక్కువగా సముద్రంలో తిరిగేవి. కానీ కోట రాళ్లు సముద్రం పేర్చినవి కావు. నదులు, మంచినీటి మడుగుల అడుగున చేరిన మట్టి అది. ఉప్పునీటి కుటుంబం ఏటికి ఎదురొచ్చిందన్నమాట. థాయ్‌లాండ్‌లోనూ ఇలాంటి మంచినీటి జాతే బయటపడింది. ఆ ప్రాణహిత నీళ్లు గోదావరిలో కలిసి, 2015 నుంచి పట్టిసీమ మీదుగా ఇబ్రహీంపట్నం ఫెర్రీ దగ్గర కృష్ణలోకి చేరుతున్నాయి. కోట రాళ్లలోనే దొరికిన కోటాసారస్ డైనోసార్‌ని చూడాలంటే హైదరాబాదు బిర్లా సైన్స్ సెంటర్‌కి వెళ్లొచ్చు.

ఇంద్రకీలాద్రి కొండలో మాత్రం ఇలాంటి శిలాజాల కోసం వెతక్కండి. అది భూమి లోతున ఉడికి మారిన రాయి, మొసళ్లు పుట్టకముందుది. వెతికే ఓపికుంటే రాఘవాపురం షేల్ మేలు. క్రెటేషియస్ నాటి సముద్రం పరిచిన పొరలవి, అమ్మోనైట్ల శిలాజాలు అందులో దొరికాయి. మాకిమోసారస్ రెక్స్ కాలం కూడా క్రెటేషియస్ తొలిభాగమే. పైకి తేలిన చోట ఈ షేల్‌ని సుత్తితో కొట్టి చూడొచ్చు. కృష్ణా గోదావరి బేసిన్ లోతుల్లోకి వెళ్తే అదే షేల్ చమురు, గ్యాసు పుట్టే రాయి. అక్కడ చూడాలంటే డ్రిల్లింగ్ రిగ్గే దిక్కు.