నిజామాబాద్ అమ్మాయి ఆడిన గ్రూప్ – బి

జూలై 5న థాయ్‌లాండ్‌లోని చియాంగ్ మాయ్ పట్టణంలో మన దేశపు ఆడపిల్లలు ఫుట్‌బాల్‌లో థాయ్‌లాండ్‌ను 2–1తో ఓడించి, 2026 ఆసియా కప్‌కు అర్హత సాధించారు. మరునాడు ఆషాఢ ఏకాదశి కావడంతో మహారాష్ట్ర అంతా దిండీల సందడిలో ఉంది, ముఖేడ్‌లోనూ అంతే. అందుకే ఈ కబురు చాలా ఇళ్లకు చేరలేదు. క్రికెట్ అయితే చేరేదే! సోమవారం బడి తెరిచాక మేము నల్లబల్ల మీద గ్రూప్ – బి పట్టిక గీసి పిల్లలకు చెప్పాం.

ఆ పట్టికలో మంచి లెక్కలున్నాయి. ఈ అర్హత పోటీలకు వచ్చినవి 34 జట్లు. వాటిని ఎనిమిది గ్రూపులు చేశారు. ఒక్కో గ్రూపులో మొదట నిలిచిన జట్టుకే అవకాశం, రెండో స్థానానికి ఏమీ లేదు. ఆతిథ్యమిచ్చే ఆస్ట్రేలియా, గత కప్‌లో ముందు నిలిచిన చైనా, దక్షిణ కొరియా, జపాన్‌లకు నేరుగా చోటు దక్కింది. ఎనిమిది, నాలుగు కలిపి పన్నెండు జట్లు. మన గ్రూపులో భారత్, థాయ్‌లాండ్, మంగోలియా, తైమూర్ లెస్తె, ఇరాక్ ఉన్నాయి. ఐదు జట్లలో ప్రతి జట్టూ మిగతా అన్నిటితో ఒక్కోసారి ఆడితే మొత్తం ఎన్ని ఆటలు? పిల్లలు ముందు ఐదు నాలుగుల ఇరవై అన్నారు. ఐదుగురిని నిలబెట్టి ఒకరితో ఒకరు చేతులు కలపమన్నాం. పది దగ్గర ఆగిపోయింది. పుస్తకంలో ఈ లెక్క పై తరగతులకు గానీ రాదు.

మన జట్టు మంగోలియాపై 13–0, తైమూర్ లెస్తెపై 4–0, ఇరాక్‌పై 5–0తో గెలిచింది. కలిపితే 22 గోల్స్, ఇచ్చింది సున్నా. అవతల థాయ్‌లాండ్ కూడా ఆ మూడు జట్లనే 11–0, 4–0, 7–0తో ఓడించింది. అక్కడా 22, అక్కడా సున్నా! గెలిస్తే మూడు పాయింట్ల చొప్పున ఇద్దరికీ తొమ్మిదే. వెంట్రుకవాసి తేడా లేదు. ఎవరిది పైచేయో చివరి ఆటే తేల్చాలి. అప్పటి ప్రపంచ ర్యాంకుల్లో థాయ్‌లాండ్ 46, మనం 70. పైగా ఆట వాళ్ల గడ్డ మీద. బెంగాల్ అమ్మాయి సంగీతా బాస్‌ఫోర్ 28వ నిమిషంలో ఒకటి, 74వ నిమిషంలో మరొకటి కొట్టింది. నడుమ థాయ్‌లాండ్ ఒకటి సరిచేసింది. అంతే, పని అయిపోయింది.

మంగోలియా 13–0 అనగానే పిల్లలు నవ్వారు. ఇదే థాయ్‌లాండ్ 2019 ప్రపంచ కప్‌లో అమెరికా చేతిలో సరిగ్గా 13–0తోనే ఓడిందని చెప్పాక ఆ నవ్వు ఆగింది. మన జట్టు కూడా అంతకుముందు అర్హత పోటీలు గెలిచి ఆసియా కప్‌కు వెళ్లింది లేదు. 1983లో రెండో స్థానం దాకా వచ్చిన జట్టే ఇది. 2022లో కప్ మన దేశంలోనే జరిగినా, ఆటగాళ్లకు కరోనా సోకి మధ్యలోనే తప్పుకోవలసి వచ్చింది.

మంగోలియా మీద పడిన పదమూడింటిలో రెండు గోల్స్ గుగులోత్ సౌమ్యవి. ఆమెది నిజామాబాద్ జిల్లా. దెగ్లూర్ దాటి సరిహద్దు అవతలికి పోతే మనకు అదేమంత దూరం? మన ఊళ్లలో చాలామందికి ఆ వైపు వియ్యాలున్నాయి. సౌమ్య 2022లో క్రొయేషియాలోని డినామో జాగ్రెబ్ జట్టుకు ఎంపికైంది. తర్వాత ఈస్ట్ బెంగాల్ తరఫున జాతీయ మహిళా లీగ్ గెలిచింది. 2024–25కు అఖిల భారత ఫుట్‌బాల్ సమాఖ్య ఆమెనే ఉత్తమ క్రీడాకారిణిగా ఎంచింది. పేరు విని మా తండా పిల్లలు, "సార్, మనోళ్లేనా?" అని అడిగారు. ఆ ఒక్క ప్రశ్న కోసమైనా ఈ పాఠం చెప్పాల్సిందే.

ఇక తల్లిదండ్రులతో ఒక మాట. ఆరో తరగతి దాకా మైదానంలో ఉన్న ఆడపిల్లలు ఏడు, ఎనిమిదికి వచ్చేసరికి గోడ పక్కన కూర్చుంటున్నారు. కారణాలు మాకు తెలియనివి కావు. నెలసరి మొదలవుతుంది, చున్నీ వస్తుంది, సోయా, పత్తి పనుల్లో అమ్మకు తోడు కావాలి, "ఎవరేమంటారో" అన్న బెరుకు. నెలసరి ఆటకు అడ్డు కాదు. నొప్పి ఎక్కువగా ఉన్న రోజు విశ్రాంతి ఇస్తే చాలు. రక్తహీనత మాత్రం నిజంగా అడ్డే. బడిలో వారం వారం ఇచ్చే ఇనుము మాత్రను పిల్లలు పారేయకుండా చూడండి. మాత్ర వేసుకున్న వెంటనే టీ తాగనివ్వకండి.

ఖర్చు గురించి అడుగుతున్నారు. బంతి ఒకటుంటే ఇరవై మంది ఆడవచ్చు. పన్నెండేళ్ల దాకా నాలుగో సైజు, ఆ పైన ఐదో సైజు. మా వంటి చిన్న బడికి పూర్తి మైదానం లేదు. ఏడుగురేసి ఆడితే సరిపోతుంది, నాలుగు ఇటుకలు పెడితే గోల్ అవుతుంది.

కాగితాల సంగతి మాత్రం తేలిగ్గా తీసుకోవద్దు. శాలేయ క్రీడల్లో 14, 17, 19 ఏళ్ల లోపు విభాగాలున్నాయి. తాలూకా నుంచి జిల్లా, విభాగం, రాష్ట్రం దాకా మెట్లున్నాయి. పుట్టిన తేదీ, పేరు ప్రతి కాగితంలోనూ ఒక్కలా ఉండాలి. మన తెలుగు పిల్లలకు చిక్కు ఇక్కడే వస్తుంది. తెలుగులో పలికే పేరు మరాఠీలో ఒకలా, ఆధార్‌లో ఇంగ్లిష్‌లో ఇంకొకలా, ఇంటిపేరు ఒకచోట ముందు, ఒకచోట వెనక. ఆట బాగా వచ్చిన పిల్ల అక్షరం తేడాతో ఆగిపోకూడదు. ఇప్పుడే చూసి సరిచేయించండి. పై స్థాయిల్లో ఆడినవారికి నియమాల ప్రకారం పదో తరగతిలో అదనపు మార్కులున్నాయి. రాష్ట్ర ప్రభుత్వ ఉద్యోగాల్లో అర్హులైన క్రీడాకారులకు ఐదు శాతం కోటా ఉంది. అందరికీ అందుతుందని మేము చెప్పం. మైదానంలోకే దిగని పిల్లకు ఎలాగూ అందదు.

ఆసియా కప్ 2026 మార్చి 1 నుంచి 21 వరకు ఆస్ట్రేలియాలో. 2027 బ్రెజిల్ ప్రపంచ కప్‌కు ఆసియా జట్లను ఎంచేదీ అక్కడే. మన పదో తరగతి పరీక్షలు కూడా ఆ రోజుల్లోనే కనుక పెద్ద పిల్లలకు టీవీ కుదరదు. ఏడు, ఎనిమిది వాళ్లకు ఆ అడ్డు లేదు. వాళ్లను చూడనివ్వండి.