తొమ్మిది జాతీయ అవార్డులు, తెలుగు సినిమాకు ఒక్కటీ లేదు!

పులివెందుల తాలూకాకు సినిమాల్లో ఒక రికార్డుంది. తుమ్మలపల్లె యురేనియం గని పేరు పేపర్లకెక్కక చాలా ముందే, ఈ సీమ నుంచి మద్రాసు వెళ్ళిన అన్నదమ్ములు బి.ఎన్.రెడ్డి, బి.నాగిరెడ్డి ఇద్దరూ దాదాసాహెబ్ ఫాల్కే అవార్డు కొట్టారు. 1974కు అన్నకు వచ్చింది, దక్షిణాదికి అదే మొదటిది. 1986కు తమ్ముడికి. తోడబుట్టినవాళ్ళిద్దరికీ ఫాల్కే దక్కడం దేశంలో అదే మొదలు.

నాగిరెడ్డి, చక్రపాణిల విజయా సంస్థ తొలి సినిమా 'షావుకారు' (1950). దాని దర్శకుడు ఎల్.వి.ప్రసాద్‌ది ఇంకో వింత. హిందీలో 'ఆలం ఆరా', తమిళంలో 'కాళిదాస్', తెలుగులో 'భక్త ప్రహ్లాద'... మూడు భాషల తొలి టాకీల్లోనూ ఆయన వేషం వేశారు.

ఆయన సోదరుడు అక్కినేని సంజీవి ఎడిటరు, దర్శకుడు కూడా. సంజీవి కొడుకే ఎ.శ్రీకర్ ప్రసాద్. మద్రాసు యూనివర్సిటీలో సాహిత్యం చదివి, నాన్న ఎడిటింగ్ రూములోనే పని నేర్చుకున్నారు. ఆయన 17 భాషల సినిమాలకు కత్తెర పట్టారని లిమ్కా రికార్డుల పుస్తకం లెక్కతేల్చింది. అన్ని భాషలూ వచ్చి కాదనుకోండి. నటుడి ముఖం ఎక్కడ మారింది, ఆ క్షణం ఎంతసేపు నిలవాలి అన్నది కనిపెట్టడానికి డిక్షనరీ అక్కర్లేదు.

ఇక అవార్డుల చిట్టా. ఆమిర్ ఖాన్ తొలినాళ్ళ సినిమా 'రాఖ్'తో మొదలైంది. ఆ తర్వాత అస్సామీ 'రాగ్ బిరాగ్', తమిళ 'ది టెర్రరిస్ట్', మలయాళ 'వానప్రస్థం', మణిరత్నం 'కన్నత్తిల్ ముత్తమిట్టాల్', హిందీ 'ఫిరాక్', తమిళ 'శివరంజనియుం ఇన్నుం సిల పెంగళుం'. ఇవి ఏడు. కథేతర చిత్రం 'నౌకా చరితము'కు ఒకటి, 2009కి 'కుట్టి స్రాంక్', 'కమీనే', 'పళశ్శి రాజా' మూడింటికీ కలిపి ప్రత్యేక జ్యూరీ అవార్డు ఒకటి. మొత్తం తొమ్మిది. 1988 సినిమాల అవార్డుకూ 2020 సినిమాల అవార్డుకూ మధ్య 32 ఏళ్ళు. అదే అసలు రికార్డని నా లెక్క. ఫిల్ము ముక్కలు అతికించే రోజుల్లో గెలిచినవాడు కంప్యూటర్ రోజుల్లోనూ గెలిచాడు. (35 ఎం.ఎం. ఫిల్ము నిమిషానికి 90 అడుగులు. మూడు గంటల సినిమా అంటే 16,200 అడుగులు, దాదాపు ఐదు కిలోమీటర్లు. ఎడిటరు బల్ల మీదికి వచ్చేది దానికి ఎన్నో రెట్లు!)

హాలీవుడ్‌లో మైకేల్ కాన్, థెల్మా షూన్‌మేకర్ లాంటి దిగ్గజాలకు ఎడిటింగ్ ఆస్కార్లు తలా మూడు. అక్కడ అదే రికార్డు. పోటీలు వేరు, కొలతలు వేరు, కాబట్టి పోల్చి మురిసిపోవడం దండగ.

ఇందాకటి చిట్టా మళ్ళీ చూడండి. ఒక్క తెలుగు సినిమా లేదు. కర్నూలు కొండారెడ్డి బురుజును రాష్ట్రమంతా మార్మోగించిన 'ఒక్కడు' (2003), టీవీలో ఎప్పుడొచ్చినా ఛానెల్ మార్చనివ్వని 'అతడు' (2005), మొన్నటి 'ఆర్‌ఆర్‌ఆర్' (2022) ఆయన కూర్చినవే. మాస్ సినిమాలో ఎడిటింగ్ ఎంత బాగుంటే అంత కనపడదు, జ్యూరీకి ఆనలేదేమో!

తెలుగు సినిమాకు 2019కి ఎడిటింగ్ జాతీయ అవార్డు తెచ్చింది 'జెర్సీ'. ఎడిటరు నవీన్ నూలి.